సమీక్షకుడూ అభిమానీ ఒకే హాల్లో

సినిమాని ఆస్వాదించడం గురించి మాట్లాడుకుంటున్నాం. ఇవాళ్టి విషయం కాస్త వేడిగా ఉంటుంది.

పెద్ద హీరో సినిమా విడుదలైన రోజు తెల్లారేసరికే అమెరికా ప్రీమియర్ల టాక్ వచ్చేస్తుంది. ఇక్కడ మొదటి ఆట వదిలేలోపే యూట్యూబులో రేటింగులు మొదలవుతాయి. ‘ఐదుకి రెండుంపావు’ అంటాడు సమీక్షకుడు. ‘డబ్బు తీసుకుని చెప్తున్నాడు’ అని విరుచుకుపడతాడు అభిమాని. థియేటర్ ఆవరణలోకి యూట్యూబర్లను రానివ్వొద్దని 2024లో తమిళ నిర్మాతలు కోరేదాకా వెళ్ళింది ఈ గొడవ.

అంకె దగ్గరే కొట్టుకుంటున్నంతకాలం ఇద్దరూ సినిమా గురించి మాట్లాడనట్టేనని నా అభిప్రాయం.

మహేశ్ బాబుతో త్రివిక్రమ్ తీసిన ‘ఖలేజా’నే చూడండి. 2010 అక్టోబరులో వచ్చినప్పుడు ఆశించినంతగా ఆడలేదు. ‘పోకిరి’ మహేశ్ కోసం వెళ్ళినవాళ్ళకి వాగుడుకాయ టాక్సీ డ్రైవరు కనిపించాడు, పైగా ఒక ఊరు అతన్ని దేవుడంటోంది. తర్వాత టీవీలో చూసి చూసి డైలాగులు కంఠతా పట్టిన కుర్రకారే 2025 మేలో రీరిలీజుకి హాళ్ళలో పండగ చేసుకున్నారు. పదిసార్లు చూసిన అభిమానికి ఒక్కసారి చూసినవాడికి అందని సంగతులు అందుతాయి. అలాగే హీరో మీద ప్రేమతో మనం దాటేసిన లోపాన్ని మంచి సమీక్షకుడు పట్టుకుంటాడు. ఇద్దరి చూపూ మనకి అవసరమే.

ముళ్ళపూడి వెంకటరమణ ఆంధ్రపత్రిక వీక్లీలో నిర్మొహమాటంగా సమీక్షలు రాశారు. ఆ కలమే తర్వాత ‘రక్తసంబంధం’కి మాటలు రాసింది. తప్పు ఎంచినవాడు సినిమాకి శత్రువు కానక్కర్లేదు.

మరి మనమేం చేయాలి? ఒక సీన్ తీసుకుని చూడాలి. ‘మాయాబజార్’లో మాయాశశిరేఖ, అంటే శశిరేఖ రూపంలో ఉన్న ఘటోత్కచుడు, పాడే పాట గుర్తుందిగా? సుశీల పాడుతుండగా మధ్యలో ఘంటసాల గొంతు దూరుతుంది. వెంటనే ఆ వేషంలో ఉన్న సావిత్రి ఒంట్లో పెళ్ళికూతురి సిగ్గు పోయి ఘటోత్కచుడి దర్పం వస్తుంది. మళ్ళీ సుశీల గొంతు అందుకోగానే ఆ దర్పం సిగ్గులోకి ఒదిగిపోతుంది. ‘సావిత్రి అద్భుతం’ అనడం కన్నా ఇలా చూపించి చెప్పినప్పుడే అవతలివాడు మళ్ళీ వెళ్ళి చూస్తాడు.

అందుకే ఈసారి ఎవరైనా ‘బాగుంది’ అన్నా, ‘బాగాలేదు’ అన్నా, ‘ఏ సీన్లో?’ అని అడగండి. మీ అభిమాన హీరో సినిమా అయినా సరే, అడగండి. అలా అడిగే ప్రేక్షకులుంటే సమీక్షకుడు ఒళ్ళు దగ్గర పెట్టుకుని రాస్తాడు, దర్శకుడు ఒళ్ళు దగ్గర పెట్టుకుని తీస్తాడు.