అడ్మిషన్‌లోనే రిట్ కొట్టేస్తే...
(వార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)

నేను వకీలును కాను, సుబేదారుగా రిటైరైనవాణ్ణి. మనవాళ్ళ పెన్షన్ కేసుల వెంట తిరిగి తెలుసుకున్న ఒక సంగతి చెప్పి కూర్చుంటాను.

హైకోర్టులో రిట్ వేయగానే విచారణ మొదలుకాదు. ముందు అడ్మిషన్. జడ్జిగారు కాగితాలు చూసి, వినదగ్గ కేసే అనుకుంటే అవతలి పక్షానికి నోటీసు ఇస్తారు. కాదనుకుంటే అక్కడే కొట్టేస్తారు. ఒక్కోసారి ఐదు నిమిషాలు కూడా పట్టదు. మనవాడు మాత్రం రాత్రంతా రైల్లో కూర్చుని వచ్చి ఉంటాడు.

నాతో పనిచేసిన ఒక హవల్దారుకు 2008 చివర్లో ఇదే జరిగింది. నడుము దెబ్బతిని మెడికల్ బోర్డు మీద ఇంటికొచ్చాడు. డిసేబిలిటీ పెన్షన్ ఇవ్వలేదు. పదేళ్ళకు రిట్ వేస్తే, ఆలస్యమైందని సింగిల్ జడ్జి అడ్మిషన్‌లోనే కొట్టేశారు. ఆయన ఆ కాగితాన్ని ట్రంకుపెట్టెలో పడేశాడు. ఆయన భార్య ఊరుకోలేదు. దాన్ని పట్టుకుని ఇంకో వకీలు దగ్గరికెళ్ళింది. అప్పటికి ఇరవై రెండు రోజులు గడిచాయి.

అడ్మిషన్‌లో కొట్టేస్తే కేసు ముగిసినట్టే కాబట్టి ఆ ఉత్తర్వుపై అప్పీలు ఉంటుంది. మన తెలుగు రాష్ట్రాల్లో రిట్ అప్పీలు అంటారు. ఢిల్లీ, చండీగఢ్‌లలో లెటర్స్ పేటెంట్ అప్పీలు, అలహాబాదులో స్పెషల్ అప్పీలు. పేరేదైనా ఇద్దరు జడ్జీల బెంచ్ ముందుకు వెళ్తుంది. గడువు 30 రోజులు. సర్టిఫైడ్ కాపీ రావడానికి పట్టిన రోజులు అందులో లెక్కకు రావు. అందుకే కాపీకి ఆ పూటే దరఖాస్తు పెట్టాలి. రిట్‌ను అడ్మిట్ చేసి నోటీసు ఇచ్చినంత మాత్రాన అవతలివాళ్ళు అప్పీలుకు పోవడం మాత్రం మామూలుగా కుదరదు. అందులో ఎవరి హక్కూ తేలలేదు గదా!

వకీలు తర్సేమ్ సింగ్ కేసు చూపించాడు. పెన్షన్ నెలనెలా రావలసినది, కాబట్టి ఆలస్యం ఒక్కటే చూపి తోసేయకూడదని, బకాయిలు మాత్రం రిట్‌కు ముందు మూడేళ్ళవే ఇవ్వాలని 2008 ఆగస్టులో సుప్రీంకోర్టు చెప్పింది. బెంచ్ పాత ఉత్తర్వు రద్దుచేసి రిట్‌ను మళ్ళీ వినమంది. పెన్షన్ ఇవ్వమని మాత్రం అనలేదు. ఇక్కడే మనవాళ్ళు పొరబడతారు, మిఠాయిలు పంచేస్తారు. ఈ అప్పీలులో గెలిస్తే దక్కేది విచారణే. ఆయన కేసు ఆ తర్వాత సాయుధ బలగాల ట్రైబ్యునల్‌కు బదిలీ అయ్యింది. పెన్షన్, మూడేళ్ళ బకాయిలు అక్కడ వచ్చాయి.

2009లో ట్రైబ్యునల్ పని మొదలుపెట్టాక దారి మారింది. సర్వీసు, పెన్షన్ గొడవలు ముందు అక్కడికే. "ట్రైబ్యునల్‌కు వెళ్ళు" అని హైకోర్టు రిట్ కొట్టేస్తే అప్పీలుకు డబ్బు తగలేయకండి, వెంటనే అక్కడికి వెళ్ళండి. అక్కడా ఆరు నెలల గడువుంది. ట్రైబ్యునల్ తీర్పుపై హైకోర్టుకు పోవచ్చా అన్న సందేహం 2015 నుంచి మనల్ని పీడించింది. పరుషోత్తం దాస్ కేసులో 2023 మార్చిలో సుప్రీంకోర్టు, హైకోర్టుకు ఆ అధికారం ఉందని తేల్చింది. ఆ రిట్‌ను ఇద్దరు జడ్జీల బెంచే కొట్టేస్తే అదే కోర్టులో మళ్ళీ అప్పీలుండదు. సుప్రీంకోర్టుకే పోవాలి.

ఉత్తర్వు కాపీలు తెచ్చుకున్నవారు భోజనాలయ్యాక నా దగ్గరకు రండి. ముందుగా తేదీలు చూద్దాం. జైహింద్.