అమానతుకు జవాబుదారు ఎవరు?



2022 జనవరిలో అమెరికాలోని మేరీల్యాండ్‌లో, పది జన్యు మార్పులు చేసిన పంది గుండెను ఒక రోగికి అమర్చారు. ఆయన రెండు నెలలు బతికాడు. ఆ పరిశోధనను నడిపించింది కరాచీలో పుట్టిన డాక్టర్ ముహమ్మద్ మొహియుద్దీన్. 2024 మార్చిలో బోస్టన్‌లో పంది మూత్రపిండాన్ని కూడా అమర్చారు. ఈ వార్త విన్నప్పుడల్లా మనవాళ్లు అడిగేది ఒక్కటే: ఇది హలాలా, హరామా? ప్రాణం మీదికొచ్చి గత్యంతరం లేనప్పుడు నిషిద్ధాహారానికి ఖుర్ఆన్ మినహాయింపు ఇచ్చింది. అది దీనికీ వర్తిస్తుందా అన్నది ఉలమాలు తేల్చాలి. మేము అడిగేది ఇంకా దగ్గరి ప్రశ్న.

పంది కిడ్నీ మన ఊరికి ఇంకా రాలేదు. ఇవాళ రోగికి కిడ్నీ కావాలంటే ముందు ఇంట్లోవాళ్ల వైపే చూస్తున్నాం. 1995 నుంచి 2021 వరకు దేశంలో జరిగిన 36,640 అవయవ మార్పిడుల్లో 29 వేలకు పైగా మగవారికే జరిగాయి. బతికుండగా ఇచ్చినవారిలో ఎక్కువమంది ఆడవాళ్లే.

వారిలో మనసారా ఇచ్చిన తల్లులు, భార్యలు ఎందరో. అల్లాహ్ వారికి మంచి ప్రతిఫలం ఇవ్వాలి. కానీ ఇంటిల్లిపాదీ చుట్టూ కూర్చుని "సంపాదించేవాడు అతనే కదమ్మా" అంటే ఆమె తల వంచుకుని ఊపుతుంది. దాన్ని అంగీకారం అనగలమా?

శరీరం అల్లాహ్ అప్పగించిన అమానతు. అందుకే దాన్ని అమ్ముకోకూడదు, పాడుచేసుకోకూడదు అని చెబుతాం. అప్పగింత ఎవరికి జరిగిందో వారే జవాబు చెప్పాలి కదా! ఆమె దేహం గురించి ప్రళయదినాన ఆమెనే అడుగుతారు. జవాబు ఆమెదైనప్పుడు నిర్ణయమూ ఆమెదే కావాలి.

మన దేశ చట్టం కూడా ఈ మాటే చెబుతోంది. 1994 చట్టం అవయవాల అమ్మకాన్ని నేరం చేసింది. దాత స్త్రీ అయితే ఆమె స్వతంత్ర అంగీకారాన్ని గ్రహీత కాని మరొకరు నిర్ధారించాలని 2014 నియమాలు చెప్పాయి. అయితే ఆస్పత్రి గడప దాకా వచ్చేసరికే ఇంట్లో నిర్ణయం అయిపోయి ఉంటుంది.

కనుక సంఘానికి మా విన్నపం ఇది. కిడ్నీ మార్పిడికి సాయం కోరి వచ్చిన ఇంట, ఇవ్వబోయే స్త్రీతో మన సోదరి ఒకరు విడిగా మాట్లాడాలి. ఆమె వద్దంటే ఆ మాట బయటికి పొక్కకూడదు. రోగి డయాలసిస్‌కు మనమిచ్చే సాయమూ ఆగకూడదు.

ఇచ్చే చేతికి బర్కత్‌ను, వద్దనే నోటికి ధైర్యాన్ని అల్లాహ్ ప్రసాదించుగాక. ఆమీన్.