ఏడడుగులు ఎవరు లెక్కపెట్టాలి?

(ఇందిరాపురంలో తెలుగు విద్యార్థులు, పరిశోధకుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



మా చిన్నమ్మ పెళ్లి నల్లగొండ జిల్లాలో, మా మాలవాడలో జరిగింది. బ్రాహ్మడు రాలేదు, హోమం లేదు. దాసరి వచ్చాడు, కులపెద్దలు కూర్చున్నారు, పుస్తె కట్టించారు, తలంబ్రాలు పోయించారు. చాలా ఏండ్ల తర్వాత ఆయన ఒక గుడిలో ఇంకొకామెకు పుస్తె కట్టాడు. చిన్నమ్మ వకీలు దగ్గరికి పోతే ఆయన అడిగిన మొదటి ప్రశ్న: "రెండో పెళ్లిలో ఏడడుగులు నడిచారా? చూసిన సాక్షి ఉన్నారా?" చిన్నమ్మ నాతో అన్నది: "అడుగులు లెక్కపెట్టనీకి నన్ను పిలిచి చేసుకున్నడా బిడ్డా?"

వకీలు తప్పు అడగలేదు. చట్టం అడిగేదే అడిగాడు.

హిందూ వివాహ చట్టం, 1955 సెక్షన్ 17 ప్రకారం భార్య బతికుండగా రెండో పెళ్లి చెల్లదు, నేరం కూడా. పాత ఐపీసీ 494, ఇప్పటి భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 82 కింద ఏడేళ్ల వరకు జైలు. అయితే ఆ రెండో పెళ్లి 'జరిగింది' అనాలంటే తగిన కర్మకాండతో జరగాలని 1965లో భావురావు శంకర్ లోఖండే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది గాంధర్వ వివాహమన్నారు. దానికి హోమం, సప్తపది అక్కర్లేదనే ఆచారం రుజువు కాలేదు, శిక్ష నిలవలేదు. నిందితుడు నేను పెళ్లి చేసుకున్నానని ఒప్పుకున్నా అది చాలదని 1971లో ప్రియబాల ఘోష్ కేసు చెప్పింది.

మన దగ్గరి కేసు లింగారి ఓబులమ్మది, 1979. ఆంధ్రప్రదేశ్ నుంచి సుప్రీంకోర్టుకు వెళ్లింది. రెడ్డి కులంలో హోమం, సప్తపది అవసరం లేదని ఆమె తరఫున వాదించారు. ఆ ఆచారానికి సాక్ష్యం లేదని కోర్టు అన్నది. భర్త నిర్దోషిగా బయటపడ్డాడు. ఊళ్లో బలమున్న కులం ఆచారానికే ఈ గతి పడితే మాలవాడ ఆచారం సంగతి ఊహించండి.

క్రిమినల్ కేసులో రుజువు గట్టిగా ఉండాలి, నేనూ ఒప్పుకుంటాను. నా అభ్యంతరం రుజువు మీద కాదు, దేన్ని రుజువు చేయమంటున్నారనే దాని మీద. సెక్షన్ 7 ఇద్దరిలో ఏ ఒక్కరి ఆచారం ప్రకారం జరిగినా పెళ్లే అంటుంది. సప్తపది ఆ ఆచారంలో భాగమైతేనే ఏడో అడుగుతో పెళ్లి పూర్తవుతుందంటుంది. అంటే చట్టంలో సప్తపది అందరికీ షరతు కాదు. ఆచరణలో మాత్రం బ్రాహ్మణ కర్మకాండే మామూలు పెళ్లి అయింది, మనది ప్రత్యేకంగా రుజువు చేసుకోవలసిన మినహాయింపు అయింది. ఇందులో లాభం మగవాడిదే. రెండో పెళ్లిలో ఒక తంతు వదిలేస్తే అతను నేరం నుంచి తప్పుకుంటాడు. మొదటి పెళ్లిలోనూ అది లేదని చూపితే భార్యను భార్యే కాదంటాడు. చిన్నమ్మకు రెండు వైపులా అదే కత్తి.

దారి లేదా అంటే ఉంది. 1979లోనే గోపాల్ లాల్ కేసులో రాజస్థాన్ తేలీల 'నాతా' పెళ్లిని సుప్రీంకోర్టు గుర్తించింది. ఆ కులం ఆచారం సాక్ష్యంతో రుజువైంది కాబట్టి శిక్ష నిలిచింది. ఓబులమ్మ కేసులో లేనిది, ఇక్కడ ఉన్నది ఆ సాక్ష్యమే. కాబట్టి ఫిర్యాదులోనే మన ఆచారం ఏమిటో రాయాలి. దాసరిని, కులపెద్దను, ఆ కులంలో అలాగే పెళ్లి చేసుకున్న మరికొందరిని సాక్షులుగా నిలబెట్టాలి. సెక్షన్ 3 ప్రకారం ఆచారం చాలాకాలంగా, ఎడతెగకుండా, ఒకే తీరుగా పాటించిందై ఉండాలి. రిజిస్ట్రేషన్ కాగితం ఒక్కటే సరిపోదని 2024లో డాలీ రాణి కేసులో సుప్రీంకోర్టు మళ్లీ చెప్పింది.

తమిళనాడు ఇంకో దారి వేసింది. ఆత్మగౌరవ పెళ్లిళ్ల కోసం 1967లో చట్టాన్ని సవరించి సెక్షన్ 7ఏ చేర్చుకుంది. బంధుమిత్రుల ముందు ఒప్పుకొని దండలు మార్చుకున్నా, ఉంగరం తొడిగినా, తాళి కట్టినా చాలు. 2001లో నాగలింగం కేసులో ఈ సెక్షన్ ఆధారంగానే, సప్తపది పూర్తి కాలేదన్న వాదనను సుప్రీంకోర్టు తోసేసింది. మన రెండు రాష్ట్రాలకూ అలాంటి సెక్షన్ కావాలని అడగాలి.

బాబాసాహెబ్ హిందూ కోడ్ బిల్లులో ఏకపత్నీత్వం ఉంది, శాస్త్రోక్త వివాహం పక్కనే సివిల్ వివాహానికీ చోటుంది. ఆ బిల్లును ముందుకు సాగనివ్వకపోవడం 1951లో ఆయన రాజీనామాకు ఒక ముఖ్య కారణం. తర్వాత వచ్చిన చట్టంలో ఏకపత్నీత్వం మిగిలింది, సివిల్ వివాహం 1954 ప్రత్యేక వివాహ చట్టానికి వెళ్లింది. మంత్రాలు లేని పెళ్లి కావాలనుకునే మన తరం ఆ చట్టం కింద చేసుకోవచ్చు. మన అమ్మలకు, చిన్నమ్మలకు ఆ అవకాశం ఎవరూ చెప్పలేదు.

చిన్నమ్మ ఫిర్యాదు వేయలేదు. ఆమె పెళ్లి చేయించిన దాసరి చనిపోయాడు. ఇక్కడున్న మీ అందరికీ నా మనవి ఒక్కటే. సెలవులకు ఊరికి పోయినప్పుడు మీ వాడలో పెళ్లి ఎలా చేస్తారో పెద్దలను అడిగి, పేరు, తేదీ, ఫొటోలతో సహా రాసి పెట్టండి. రేపు ఏ చెల్లె కోర్టుకు పోయినా, "మా ఆచారం ఇది" అని చెప్పడానికి ఒక కాగితం, దాని వెనక నిలబడే ఒక మనిషి ఉండాలి.

జై భీమ్.