బీటిల్సు నాదము: మార్పును, పొత్తును



మేము వర్తకులము, సంగీతశాస్త్ర పండితులము కాము. అయినను, బాగుగా అమ్ముడుపోవు సరకును ఎవ్వరును తమంతట తాము మార్పరని ఎరుగుదుము. అట్టి సాహసమును పలుమారులు చేసినవారు ఇంగ్లండులోని లివర్‌పూల్ నగరమునకు చెందిన బీటిల్సు బృందమువారు. వారి నాదము ఏడేండ్లలో ఎట్లు మారినదో మనవి చేసెదము.

1963లో వెలువడిన తొలి ఆల్బములో 14 పాటలు కలవు. వానిలో 10 పాటలను ఫిబ్రవరి 11వ తేదీన, ఒక్కదినముననే రికార్డు చేసిరి. గిటారులు, డ్రమ్ములు, కలిసి పలుకు గొంతులు. ఇవియే వారి పెట్టుబడి. వేదికపై పాడినట్లే రికార్డు గదిలోను పాడిరి.

1965 చివర వచ్చిన ‘రబ్బర్ సోల్’లో జార్జి హారిసన్ సితారు వాయించెను. 1966 నాటి ‘రివాల్వర్’లో ఒక పాటకు వారి వాద్యము లొక్కటియు లేవు, నాలుగు వయొలిన్లు, రెండు వయోలాలు, రెండు చెల్లోలు మాత్రమే వినవచ్చును. మరియొక పాట మన తంబూరా శ్రుతిపై నిలిచి, వలయములుగా అతికిన టేపుల వింత శబ్దములతో నిండినది. ఇట్టివానిని వేదికపై వినిపించుట యెట్లు? ఆ యేటి కచేరీలలో ‘రివాల్వర్’ పాట యొక్కటియు పాడలేదు. పాడినను, జనుల కేకలలో వారి పాట వారికే వినబడకుండెను. ఆగస్టు 29న శాన్‌ఫ్రాన్సిస్కోలో పాడిన పిమ్మట టికెట్టు కచేరీలు మానివేసిరి. ధనము కురియు అంగడిని మూయుట సామాన్యమా!

పిమ్మట రికార్డు గదియే వారికి వేదిక యయ్యెను. నిర్మాత జార్జి మార్టిన్ తోడ్పాటుతో 1967లో వెలువరించిన ‘సార్జెంట్ పెప్పర్’కు సుమారు ఐదు నెలలు పట్టెను. దాని చివరి పాటకు 40 మంది వాద్యకారులు కూడిరి.

అయితే 1968 నాటి తెల్ల అట్ట ఆల్బములో 30 పాటలున్నను, పెక్కింట నలుగురును కూడి వాయింపలేదు. సరకు హెచ్చినది, పొత్తు సడలినది. ఆ లోటు వినువారికి తెలియును.

1969లో ‘అబీ రోడ్’ వచ్చెను. రెండు ట్రాకుల యంత్రముతో మొదలిడినవారికి అప్పటికి ఎనిమిది ట్రాకుల యంత్రము లభించెను. దానితో వారు చేసిన మేలిపని ‘బికాజ్’ అను పాట. ముగ్గురు కలిసి పాడి, దానిపైననే మరి రెండుమారులు పాడి, తొమ్మిది గొంతుల నిండుదనమును సాధించిరి. 1970లో బృందము విడిపోయెను.

సితారు వచ్చినను, టేపులు తిరిగినను, వారి నాదమునకు మూలధనము కలిసిన గొంతులే యని మా నమ్మకము. యువకులు ఈ ఆల్బములను విడివిడిగా గాక, తొలినుండి వరుసగా వినవలెనని కోరుచు సెలవు గైకొనుచున్నాము.