చిరాకు ఎక్కడ మొదలైంది?
(సిబ్బంది కుటుంబాల సమావేశంలో చేసిన ప్రసంగం)



మన ఇళ్లలో సాయంత్రం పూట ఎక్కువగా వినిపించేవి ఆఫీసు చిరాకులే. విని విని మీకూ విసుగొచ్చి ఉంటుంది. కానీ ఆ చిరాకులో ఒక కొత్త సేవ దాగి ఉండొచ్చని నాకు అండమాన్‌లో తెలిసింది.

2019లో నేను పోర్ట్ బ్లెయిర్‌లో పని చేసేవాణ్ణి. ఇప్పుడు ఆ ఊరి పేరు శ్రీ విజయపురం. జంగ్లీఘాట్ వైపు వెళితే శ్రీకాకుళం యాస చెవిన పడుతుంది. ఒకరోజు హట్ బే నుంచి ఒక తెలుగు కుర్రాడు వచ్చాడు. చనిపోయిన తండ్రి ఖాతాలోని డబ్బు కావాలి. ఖాతాకు నామినీ లేరు. మరణ ధ్రువపత్రం తెచ్చాడు గానీ, వారసురాలిగా తల్లి సంతకం లేదు.

"అమ్మ చేత సంతకం పెట్టించుకుని రా బాబూ" అన్నాను.

"గంటల తరబడి ఓడలో వచ్చాను సార్. మళ్లీ టికెట్ ఎప్పుడు దొరుకుతుందో!"

నేను చెప్పిన రూలు తప్పు కాదు. కానీ సముద్రం బాగోలేక అతను తిరిగి రావడానికి మూడు వారాలు పట్టింది. ఆ డబ్బు తండ్రి కర్మకాండలకు చేసిన అప్పు తీర్చడానికట. ఈలోగా వడ్డీ పెరిగింది.

ఇంటికెళ్లి, "కాగితాలు సరిగ్గా తెచ్చుకోరు" అని విసుక్కున్నాను. మా ఆవిడ, "ఓడ ఎక్కకముందే ఏమేం కావాలో ఫోన్‌లో అడిగితే సరిపోయేది కదండీ" అంది.

"ఎవరిని అడుగుతాడు?"

"అదే కదా, అడగడానికి మీరు ఎవరినీ పెట్టలేదు!"

మేనేజరు గారి అనుమతితో రోజూ ఒక గంట ఫోన్ దగ్గర ఒకరిని కూర్చోబెట్టాం. పాస్‌బుక్ మీద ఆ నంబరు ముద్ర వేశాం. ఖాతా వివరాలు అడగం, చెప్పం. ఏ పనికి ఏ కాగితాలు కావాలి, ఎవరెవరు సంతకం చేయాలి, అంతే. కొన్నిసార్లు లైను కలిసేది కాదు. అయినా ఫోన్ చేసి వచ్చినవాళ్లలో చాలామందికి ఒక్క రాకతో పని అయ్యేది.

చిరాకు బయటపడింది కౌంటరు దగ్గర, మొదలైంది రేవు దగ్గర. ఆ తేడా తెలియడమే ముఖ్యం.

మన షిల్లాంగ్‌లో పుట్టిన జాన్ షెపర్డ్ బారన్ ఒక శనివారం ఆలస్యంగా వెళ్లేసరికి బ్యాంకు మూసేశారట. అసలు ఇబ్బంది గడియారంతోనని గ్రహించి, చాక్లెట్లు ఇచ్చే యంత్రం లాగే డబ్బిచ్చే యంత్రం ఉండాలనుకున్నారు. 1967 జూన్ 27న లండన్‌లోని ఎన్‌ఫీల్డ్‌లో అది మొదలైంది. సిగ్నల్ లేని చోట చెల్లింపు ఎలా అన్న ఇబ్బందికి మన రిజర్వు బ్యాంకు 2022 జనవరిలో ఆఫ్‌లైన్ చెల్లింపుల విధానం తెచ్చింది. మొదట ఒక్కో చెల్లింపు 200 రూపాయల వరకే.

2020 ఆగస్టు 10న చెన్నై నుంచి అండమాన్‌కు దాదాపు 2,300 కిలోమీటర్ల సముద్రగర్భ కేబుల్ ప్రారంభమైంది. ఇంటర్నెట్ వేగం పెరిగింది. కానీ మరచిపోయిన తల్లి సంతకాన్ని ఏ కేబులూ మోసుకురాదు. ముందే చెప్పే మనిషి ఇప్పటికీ కావాలి.

అందుకే కుటుంబ సభ్యులకు ఒక మనవి. ఈ సాయంత్రం మావాళ్లు విసుక్కుంటే "పోనీలెండి" అనకండి. "అది ఎక్కడ మొదలైంది?" అని అడగండి. మా ఆవిడ అడగబట్టే నాకు తెలిసింది.