ఫిరౌన్ దేహం: చూసేవారు, గ్రహించేవారు

సమస్త స్తుతులు అల్లాహ్‌కే. ఆయన అంతిమ ప్రవక్త హజ్రత్ ముహమ్మద్ (సల్లల్లాహు అలైహి వసల్లం) పైనా, ఆయన కుటుంబీకులపైనా, సహచరులందరిపైనా శాంతి శుభాలు వర్షించుగాక.

ధార్మిక సోదరులారా!

హైదరాబాదు నాంపల్లిలోని పబ్లిక్ గార్డెన్స్‌లో రాష్ట్ర పురావస్తు మ్యూజియం ఉన్నది. అందులో ఒక గాజుపెట్టె. ఆ పెట్టెలో రెండు వేల ఏళ్ళకు పైబడిన ఒక స్త్రీ దేహం. ఆమె పేరు నైషు అనీ, ఈజిప్టు రాజకుమార్తె అనీ మ్యూజియం వారు చెబుతారు. ఆరవ నిజాం మహబూబ్ అలీ ఖాన్ అల్లుడైన నజీర్ నవాజ్ జంగ్ 1920 ప్రాంతంలో ఆ దేహాన్ని వెయ్యి పౌండ్లకు కొని తెచ్చి, ఏడవ నిజాం ఉస్మాన్ అలీ ఖాన్‌కు కానుకగా సమర్పించారు. ఆయన దానిని 1930లో మ్యూజియానికి ఇచ్చారు. 2016లో ఆ దేహానికి సీటీ స్కాన్ తీశారు. ఆ తరువాత గాలి సోకకుండా, నైట్రోజన్ నింపిన పెట్టెలో భద్రపరిచారు.

చదువుల కోసమో, పనుల కోసమో మన కళింగపట్నం నుండి హైదరాబాదుకు వెళ్ళే యువకులు ఆ గాజుపెట్టెను చూసి వస్తుంటారు. వచ్చాక వారడిగే ప్రశ్న ఒక్కటే: “ఖుర్ఆన్‌లో ఉన్న ఫిరౌన్ ఇతనేనా?” కాదు సోదరులారా. అది స్త్రీ దేహం. పైగా హజ్రత్ మూసా (అలైహిస్సలాం) కాలానికి వందల ఏళ్ళ తరువాతిది. అయితే ఆ ప్రశ్న వెనుక ఉన్న ఆసక్తి చిన్నది కాదు. ప్రపంచంలో ఏ మ్యూజియానికి వెళ్ళినా జనం గుమిగూడేది మమ్మీ ఉన్న గది వద్దనే. 1922లో తూతన్‌ఖామున్ అనే పిన్నవయసు రాజు సమాధి బయటపడినప్పుడు లోకమంతా ఆ వార్తనే చదివింది. ఆ తవ్వకానికి డబ్బు పెట్టిన ఆంగ్ల ప్రభువు మరుసటి ఏడాది దోమకాటు పుండు విషమించి మరణిస్తే, అది మమ్మీ శాపమన్నారు. లాభనష్టాలు అల్లాహ్ చేతిలోనివని నమ్మేవారికి ఆ శాపం సంగతి చెప్పనక్కరలేదు గనుక దానిని వదిలేద్దాం. మనకు కావలసిన ప్రశ్న వేరు. మరణించిన మనిషి దేహాన్ని చూడాలని మనిషికి ఎందుకింత కోరిక? ఆ కోరికను విశ్వాసి ఏ వైపుకు మళ్ళించాలి?

ముందు, ఈ మమ్మీ ఎలా తయారయ్యేదో తెలుసుకుందాం. ముక్కు గుండా కొక్కెం పంపి మెదడును లాగివేసేవారు. పక్కటెముకల క్రింద కోసి కాలేయం, ఊపిరితిత్తులు, జీర్ణకోశం, పేగులు తీసి వేరువేరు పాత్రలలో ఉంచేవారు. తరువాత నేట్రాన్ అనే సహజమైన ఉప్పుతో దేహాన్ని కప్పి సుమారు నలభై రోజులు ఉంచేవారు. తడి అంతా ఉప్పు పీల్చుకునేది. ఆపై నూనెలు, జిగురులు పూసి వందల గజాల నారబట్టతో చుట్టేవారు. మొత్తం డెబ్బై రోజుల పని. ఉప్పు పట్టించి, తడి లాగి, ఎండబెడితే మాంసం కుళ్ళకుండా నిలుస్తుందన్న సంగతి మన తీరంలో ఎండుచేపలు చేసే ప్రతి ఇల్లాలికీ తెలుసు. ఈజిప్టువారి రహస్యం మౌలికంగా అంతకు మించినది కాదు.

ఒక్క హృదయాన్ని మాత్రం వారు దేహంలోనే ఉంచేవారు. మరణానంతరం హృదయాన్ని త్రాసులో ఒక ఈకకు సమంగా తూస్తారని వారి నమ్మకం. గమనించండి. లెక్క చెప్పవలసిన దినం ఒకటున్నదని, ఆనాడు పనికి వచ్చేది హృదయమేనని వారికి కూడా లీలగా తోచింది. సంపదా సంతానమూ ఉపకరించని ఆ దినాన నిర్మలమైన హృదయంతో వచ్చినవాడే తరిస్తాడని హజ్రత్ ఇబ్రాహీం (అలైహిస్సలాం) చేసిన దుఆ సూరా షుఅరాలో ఉన్నది. వారు హృదయాన్ని ఉప్పుతో కాపాడారు. దానిని పాపం నుండి కాపాడే మార్గం చూపిన ప్రవక్త వచ్చినప్పుడు మాత్రం వారి రాజు ఆయనను తరిమాడు.

ఇక ఫిరౌన్ వృత్తాంతానికి వద్దాం. సూరా యూనుస్‌లోని 90 నుండి 92 వరకు గల ఆయతులను ఇంటికి వెళ్ళాక అనువాదంతో చదువుకోండి. సముద్రం మీదికి వచ్చినప్పుడు ఫిరౌన్, బనీ ఇస్రాయీల్ విశ్వసించిన దేవుణ్ణే తానూ విశ్వసిస్తున్నానన్నాడు. ఇప్పుడా, అంతకుముందంతా అవిధేయుడవై ఉండి, అని అతనికి జవాబు వచ్చింది. నీ తరువాతి వారికి సూచనగా ఉండేందుకు నీ దేహాన్ని మాత్రం కాపాడుతామని అల్లాహ్ సెలవిచ్చాడు. ఆయన సూచనల పట్ల చాలామంది ఏమరుపాటుతో ఉన్నారన్న హెచ్చరికతో ఆ ఆయతు ముగుస్తుంది.

సముద్రం మనిషిని మింగడమంటే ఏమిటో, ఆ తరువాత దేహం కోసం ఒడ్డున ఎదురు చూడడమంటే ఏమిటో కళింగపట్నం వారికి వివరించనక్కరలేదు. 2021 సెప్టెంబరు 26 రాత్రి గులాబ్ తుఫాను మనకు ఉత్తరాన, చాలా దగ్గరలోనే తీరం దాటింది. అటువంటి రాత్రులలో వేటకు వెళ్ళినవారి ఇళ్ళలో దీపాలు ఆరవు. మనిషి తిరిగి రాకపోతే, కనీసం దేహమైనా దొరికితేనే ఇంటివారికి నమ్మకం కుదురుతుంది. ఇబ్నె అబ్బాస్ (రజియల్లాహు అన్హు) మొదలైనవారి నుండి వచ్చిన వివరణ ఇదే. బనీ ఇస్రాయీల్‌లో కొందరికి ఫిరౌన్ చనిపోయాడంటే నమ్మశక్యం కాలేదు. తరతరాలుగా తమ మగబిడ్డలను చంపించిన వంశపు రాజు, తానే దేవుడనన్న రాజు, చస్తాడా? అప్పుడు అల్లాహ్ ఆజ్ఞతో సముద్రం ఆ దేహాన్ని మెరక ప్రదేశానికి విసిరివేసింది. వారు కళ్ళారా చూశారు. భయం పోయింది. పీడితుని మనసులో నుండి పీడకుని భయాన్ని తీసివేయడమే ఆ దేహం చేసిన మొదటి పని.

ఇక్కడ ఒక మాట స్పష్టంగా చెప్పవలసి ఉన్నది. ఈజిప్టు మ్యూజియంలో ఉన్న ఫలానా మమ్మీయే ఆ ఫిరౌన్ అని చెప్పే సందేశాలు మన ఫోన్లలో తరచుగా వస్తుంటాయి. పారిస్‌లో వైద్యులు ఆ దేహంలో ఉప్పు కనుగొన్నారనీ, దానితో అతడు సముద్రంలో మునిగి చనిపోయినట్లు తేలిందనీ అందులో ఉంటుంది. రెండవ రామెసెస్ దేహాన్ని 1976లో పారిస్‌కు తీసుకువెళ్ళిన మాట నిజం. దానికి పట్టిన బూజును తొలగించడానికి తీసుకువెళ్ళారు. మారిస్ బుకాయ్ అనే ఫ్రెంచి వైద్యుడు ఫారోల మమ్మీలను పరిశీలించి, ఖుర్ఆన్‌ను గురించీ విజ్ఞానశాస్త్రాన్ని గురించీ పుస్తకం వ్రాసిన మాటా నిజం. ఆయన అభిప్రాయంలో మునిగిపోయిన రాజు రామెసెస్ కాదు, అతని కుమారుడు మెర్నెప్తా. ఇతరులు వేరే పేర్లు చెబుతారు. దివ్య ఖుర్ఆన్ మాత్రం ఏ పేరూ చెప్పలేదు. ఇక ఉప్పు సంగతి. దేహాన్ని ఉప్పుతోనే ఎండబెట్టారని ఇంతకుముందే చెప్పుకున్నాం. ఉప్పు లేని మమ్మీ ఎక్కడ ఉంటుంది? సముద్రం ముఖమైనా చూడని రాజు దేహంలో కూడా అది ఉంటుంది.

తెలియని విషయం వెంట పడవద్దనీ, చెవి, కన్ను, హృదయం అన్నిటినీ ప్రశ్నించడం జరుగుతుందనీ సూరా బనీ ఇస్రాయీల్‌లో హెచ్చరిక ఉన్నది. ఆ ప్రశ్నలో ఫోను పట్టిన వేలు కూడా ఉంటుందని మేము భావిస్తాం. అల్లాహ్ వాక్కుకు మన ఊహల ఊతకర్ర అవసరం లేదు. పైగా రేపు మన పిల్లవాడు కళాశాలలో చదివి ఆ ఉప్పు వాదం నిలవదని తెలుసుకుంటే, వాదంతో పాటు విశ్వాసాన్ని కూడా అనుమానించే ప్రమాదం ఉన్నది. ఆ పాపం ఎవరిది?

ఆ దేహం ఏదో తెలియకపోయినా గుణపాఠానికి లోటు లేదు. ఫారోలు తమ దేహాలను ఎంత జాగ్రత్తగా దాచుకున్నారో, వాటికి అంత అశాంతి పట్టింది. దొంగల భయంతో కొండ లోయలలో రహస్యంగా తొలిపించుకున్న సమాధులను కూడా దొంగలు కొల్లగొట్టారు. చివరకు పూజారులే రాజుల దేహాలను తీసి, మళ్ళీ బట్ట చుట్టి, దైరుల్ బహ్రీ కొండలోని ఒక గుంటలో కుప్పగా దాచారు. జనం దేవుళ్ళని కొలిచినవారిని పూజారులు దాచవలసి వచ్చింది! ఆ చోటును ఒక గ్రామీణ కుటుంబం కనుగొని, వస్తువులను కొంచెం కొంచెంగా అమ్ముకోగా, 1881లో ప్రభుత్వానికి తెలిసింది.

అంతకంటె ఘోరం మరొకటున్నది. మమ్మీ అన్న మాట అరబ్బీ, పారసీ భాషలలోని ‘మూమియా’ నుండి వచ్చింది. అది ఒక రకమైన తారు, మందుగా వాడేవారు. పురాతన శవాలలో దొరికే నల్లని జిగురు కూడా అదేనని అనుకున్నారు. సుమారు 1200లో ఈజిప్టుకు వెళ్ళిన అబ్దుల్లతీఫ్ బగ్దాదీ అనే ముస్లిం వైద్యుడు ఈ శవాలను గురించీ, వాటి నుండి తీసే పదార్థం అమ్మకాన్ని గురించీ వ్రాశాడు. తరువాతి శతాబ్దాలలో ఐరోపాలో శవాలనే పొడిచేసి ఔషధంగా మింగారు, చిత్రకారులు వాటితో రంగు కూడా చేసుకున్నారు. ఎవరి పాదాల వద్ద దేశమంతా మోకరిల్లిందో, వారి వర్గపు దేహాలు కొట్లలో తూకానికి అమ్ముడుపోయాయి.

దీనిని విని నవ్వకండి. శవం ఎముకను విరచడం బ్రతికి ఉన్నవాని ఎముకను విరచడంతో సమానమని మహాప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) బోధించారు. ఒక యూదుని శవయాత్ర వెళుతుంటే ఆయన లేచి నిలబడ్డారు. అతడు యూదుడు కదా అని సహచరులు గుర్తు చేస్తే, అతనిది మాత్రం ప్రాణం కాదా అన్న భావంతో బదులిచ్చారు. బుఖారీ, ముస్లిం గ్రంథాలు రెండింటిలోనూ ఈ ఉల్లేఖనం ఉన్నది. మనకు దగ్గరలోనే వంశధార ఒడ్డున శాలిహుండం కొండ ఉన్నది. అక్కడి బౌద్ధ స్తూపాలలో ధాతువుల కోసం చేసిన రాతి భరిణెలు, వాటి లోపల స్ఫటిక భరిణెలు తవ్వకాలలో దొరికాయి. మన మార్గం వేరు, మన విశ్వాసం వేరు. కాని అక్కడికి వెళ్ళిన ముస్లిం యువకుడు స్తూపమెక్కి గంతులు వేస్తూ వీడియో తీసుకుంటే, అది ప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) నేర్పిన మర్యాద కాదు.

మరి వెళ్ళకూడదా? చూడకూడదా? భూమిలో సంచరించి పూర్వపు జాతుల పర్యవసానం చూడమని ఖుర్ఆన్ పలుచోట్ల ఆదేశిస్తుంది. ఎలా చూడాలో దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) చేసి చూపారు. హిజ్రీ 9వ ఏట తబూక్ ప్రయాణంలో సమూద్ జాతివారు కొండలు తొలిచి కట్టుకున్న హిజ్ర్ దగ్గరకు వచ్చినప్పుడు, ఏడుస్తూ తప్ప ఆ ఇళ్ళలోకి వెళ్ళవద్దని సహచరులను వారించారు. తల కప్పుకుని, వాహనాన్ని వేగంగా నడిపించి ఆ లోయ దాటారు. అక్కడి బావి నీళ్ళతో కలిపిన పిండిని కూడా ఒంటెలకు వేయించారు. ఆయనకు ఆ రాతి పనితనం కనబడలేదా? కనబడింది. దాని వెనుక జరిగినది కూడా కనబడింది. 2021 ఏప్రిల్ 3న కైరోలో 18 మంది రాజుల, నలుగురు రాణుల మమ్మీలను దీపాల వెలుగులో, వాద్యాల నడుమ ఊరేగించి కొత్త మ్యూజియానికి చేర్చారు. ఆ మ్యూజియం ఉన్నది ఫుస్తాత్‌లో. ఈజిప్టును జయించిన హజ్రత్ అమ్ర్ బిన్ ఆస్ (రజియల్లాహు అన్హు) నెలకొల్పిన నగరమది. ఆ ఊరేగింపును మనలో ఎందరో ఫోన్లలో చూశారు. ఎందరికి కన్ను చెమర్చింది?

ఆ గదులలో లేనివారిని కూడా తలచుకోండి. మూసా (అలైహిస్సలాం) దేవుణ్ణి విశ్వసించి, చేతులూ కాళ్ళూ నరికిస్తానన్న బెదిరింపుకు లొంగని మాంత్రికుల దేహాలు ఏ మ్యూజియంలోనూ లేవు. ఫిరౌన్ భార్య హజ్రత్ ఆసియా (అలైహస్సలాం) దేహమూ లేదు. భర్త ఆకాశాన్ని అందుకోవడానికి ఇటుకలు కాల్చి కట్టడం లేపమని హామాన్‌కు ఆజ్ఞాపించాడు. భార్య స్వర్గంలో తన ప్రభువు చెంత ఒక ఇల్లు కావాలని వేడుకుంది. ఆమె మొర సూరా తహ్రీమ్‌లో ప్రళయం వరకు పఠించబడుతూనే ఉంటుంది.

ఇప్పుడు మన ఇళ్ళ సంగతి. మన షరీఅత్‌లో మృతునికి కావలసినవి చాలా తక్కువ. గుస్ల్, పురుషునికి మూడు తెల్లని బట్టలు, జనాజా నమాజు, ఇసుక నేలలో ఒక గోతి. ఖననం త్వరగా జరగాలి. గల్ఫ్ దేశాలలో మరణించిన మన కుర్రవాళ్ళ దేహాలు రావడానికి రోజులు పడుతుంది. అది వారి ఇంటివారి తప్పు కాదు, వారిని మాటలతో బాధించకండి. కాని ఊరిలోనే ఉండి, అందరూ వచ్చాక కూడా, ఐస్ పెట్టె తెచ్చి ఫోటోల కోసం జాప్యం చేయడం దేనికి? మృతుని ముఖాన్ని ఫోన్ స్టేటస్‌లో పెట్టడం ఎవరి కోసం? సమాధులకు సున్నం గచ్చు వేయడాన్నీ, వాటిపై కట్టడాలు లేపడాన్నీ దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) వారించినట్లు ముస్లిం గ్రంథంలో హజ్రత్ జాబిర్ (రజియల్లాహు అన్హు) ఉల్లేఖనం ఉన్నది. అయినా అప్పు చేసి పాలరాయి వేయిస్తున్నాం.

అప్పు అన్నాం గనుక, అసలు మాట అదే. జనాజా తెచ్చినప్పుడు మహాప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) అడిగిన ప్రశ్న సమాధి ఎంత అందంగా ఉంటుందని కాదు. ఇతనికి అప్పు ఉన్నదా అని అడిగేవారు. ఉన్నదనీ, తీర్చడానికి ఏమీ విడిచిపోలేదనీ చెబితే, మీరే నమాజు చేయండని సహచరులతో అన్న సందర్భమున్నది. అబూ ఖతాదా (రజియల్లాహు అన్హు) ఆ అప్పు తన పూచీ అన్న తరువాతనే ఆయన నమాజు చేయించారు. మన మధ్య పడవ కోసం, వల కోసం, ఆడపిల్ల పెళ్ళి కోసం అప్పు చేసి, అది తీరకుండానే కన్నుమూసినవారున్నారు. వారి వారసులు ఈ మధ్యాహ్నం నమాజు ముగిశాక ఇంట్లో కూర్చుని, కాగితం మీద ఆ లెక్క వ్రాయండి. అప్పు ఇచ్చినవారు స్తోమత గలవారైతే, మాఫీ చేసే అవకాశం మీకున్నది. రాయి కోసం దాచిన సొమ్ము ఎవరి వద్దనైనా ఉంటే, అది ముందుగా అప్పులవాని చేతికి వెళ్ళాలి.

ఇంతటితో మా మాట ముగిస్తున్నాం. మా కొరకు, మీ కొరకు, సమస్త ముస్లిముల కొరకు అల్లాహ్‌ను క్షమాపణ వేడుకుంటున్నాం. మీరూ వేడుకోండి.