ముగింపు ఎవరు రాయాలి?

(కనగానపల్లిలో మహిళా సంఘాల కార్యకర్తల శిక్షణ శిబిరంలో చేసిన ప్రసంగ పాఠం)



ఆధునిక నాటకం మీద, ప్రయోగాత్మక నాటకం మీద వచ్చిన పుస్తకాల గురించి మాట్లాడమని నిర్వాహకులు నన్ను అడిగారు. "మాకు నాటకాల పుస్తకాలతో ఏం పని? కూలి డబ్బులు పడలేదని అర్జీ పెట్టాలి, చిన్నపిల్ల పెళ్లి ఆపాలి, తాగొచ్చి కొట్టే మొగుడి సంగతి చూడాలి" అని మీలో కొందరు అనుకుంటూ ఉండవచ్చు. న్యాయమైన ప్రశ్నే. అయితే మన సంఘాలు కూడా నాటికలు వేస్తూనే ఉన్నాయి. మార్చి 8న వేస్తాం. వరకట్నం మీద, ఆడపిల్లల చదువు మీద వేస్తాం. ఆ నాటికలకు ముగింపు ముందే రాసి ఉంటుంది. చివర్లో టీచరమ్మో, ఆఫీసరమ్మో వచ్చి నాలుగు మంచి మాటలు చెబుతుంది. మొగుడు మారిపోతాడు. అందరం చప్పట్లు కొడతాం. ఇంటికెళ్లి చూస్తే అక్కడి మొగుడు మారి ఉండడు.

నాటకం మీద వచ్చిన మంచి పుస్తకాలు కొన్ని సరిగ్గా ఈ సమస్యతోనే కుస్తీ పడ్డాయి. కథకు ముగింపు ఎవరు రాయాలి? ఈ ఒక్క ప్రశ్న పట్టుకుని వాటిని చూద్దాం.

ఈ ప్రశ్న మన ప్రాంతానికి కొత్త కాదు. మనకు దగ్గరలోనే ఉన్న ధర్మవరంలో 1853లో పుట్టిన ధర్మవరం రామకృష్ణమాచార్యులు బళ్ళారిలో వకీలుగా ఉంటూ నాటకాలు రాశారు, ఆడించారు. 1887లో 'చిత్రనళీయం' ప్రదర్శించారు. ఆంధ్ర నాటక పితామహుడని పేరు పొందారు. సంస్కృత సంప్రదాయం ప్రకారం నాటకం శుభంగానే ముగియాలి. ఆయన 'విషాద సారంగధర' రాసి ఆ కట్టు తెంచారు. కష్టం కష్టంగానే ముగియవచ్చునని చూపించారు. ఇది పెద్ద మార్పే. కానీ ఆ కథలో నింద ఎవరి మీద పడింది? ముసలి రాజుకు భార్య అయిన పడుచుపిల్ల చిత్రాంగి మీద. ఆమె వైపు నుంచి కథ ఎలా ఉంటుందన్న ప్రశ్న చాలాకాలం ఎవరూ వేయలేదు. తర్వాత చలం 'చిత్రాంగి' పేరుతోనే నాటకం రాశారు. కథ పాతదే. నిలబడి చూసే చోటు మారింది.

ఆచార్యులవారి మేనల్లుడు బళ్ళారి రాఘవ. 1880లో తాడిపత్రిలో పుట్టారు. ఆడవేషాలు ఆడవాళ్లే వేయాలని గట్టిగా పట్టుబట్టిన నటుడాయన. కొమ్మూరి పద్మావతీదేవి వంటి చదువుకున్న స్త్రీలు ఆయనతో కలిసి రంగస్థలం ఎక్కారు. ఆ రోజుల్లో స్థానం నరసింహారావు గారు సత్యభామగా వేస్తే జనం విరగబడి చూసేవారు. ఆయన గొప్ప నటుడే. అయినా ఆడదాని మాట, నడక, కోపం ఎలా ఉండాలో మగవాడు చూపిస్తే ఆడవాళ్లు చూసి నేర్చుకునే పరిస్థితి అది. దీనికి భిన్నంగా, 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో 'కీచక వధ'తో మొదలైన సురభి సమాజాల్లో కుటుంబంలోని స్త్రీలే స్త్రీ పాత్రలు వేశారు. పురిటి మంచం నుంచి రంగస్థలం దాకా వాళ్ల బతుకంతా నాటకమే. పోణంగి శ్రీరామ అప్పారావు గారి 'తెలుగు నాటక వికాసము' వంటి చరిత్ర గ్రంథాలు చదివేటప్పుడు ఈ స్త్రీల పేర్లు వెతుక్కుంటూ చదవండి. ఎన్ని దొరికాయో, ఎన్ని దొరకలేదో లెక్క రాసుకోండి. అదీ ఒక చదువే.

ఇక బయటి పుస్తకాలకు వద్దాం.

జర్మనీకి చెందిన బ్రెహ్ట్ (1898-1956) ప్రేక్షకుడు ఏడ్చి కళ్లు తుడుచుకుని వెళ్లిపోతే చాలదన్నాడు. "ఇలాగే జరగాలా? వేరేగా జరగకూడదా?" అని ఆలోచించాలన్నాడు. మన దగ్గర కలకత్తాకు చెందిన బాదల్ సర్కార్ (1925-2011) వృత్తిరీత్యా నగర ప్రణాళికల ఇంజనీరు. ఆయన పుస్తకం 'ది థర్డ్ థియేటర్' 1978లో వచ్చింది. తెర, లైట్లు, ఖరీదైన హాలు, టికెట్లు అన్నీ పక్కన పెట్టి, నటుల శరీరాలతోనే ఎక్కడైనా ఆడుకోగల నాటకం కావాలన్నాడు. వీధినాటకం, తోలుబొమ్మలాట చూసి పెరిగిన మనకు ఇందులో సగం తెలిసిన విషయమే. ధర్మవరం మండలం నిమ్మలకుంటలో తోలుబొమ్మల కళాకారులు ఇప్పటికీ ఉన్నారు.

నేను ఎక్కువసేపు మాట్లాడాలనుకుంటున్నది బ్రెజిల్ దేశస్థుడు ఆగస్టో బోల్ (1931-2009) గురించి. సైనిక ప్రభుత్వం 1971లో ఆయనను జైల్లో పెట్టి హింసించింది. తర్వాత దేశం వదిలి వెళ్లాడు. 'థియేటర్ ఆఫ్ ది అప్రెస్డ్', అంటే పీడితుల రంగస్థలం, 1974లో స్పానిష్‌లో, 1979లో ఇంగ్లీషులో వచ్చింది. ఆయన ఒక సంఘటన చెబుతాడు. 1973లో పెరూ దేశంలో అక్షరాస్యత కార్యక్రమంలో పనిచేస్తున్నాడు. చదువురాని ఒక స్త్రీ వచ్చి తన కథ చెప్పింది. భర్త కొన్ని కాగితాలిచ్చి, ముఖ్యమైన పత్రాలు, జాగ్రత్తగా దాచమన్నాడు. ఒకరోజు పక్కింటామె చేత చదివిస్తే అవి అతని ప్రియురాలు రాసిన ఉత్తరాలు! ఇప్పుడు తనేం చేయాలి? దాన్నే నాటకంగా ఆడారు. ప్రేక్షకులు సలహాలు చెబుతుంటే నటులు ఆడి చూపిస్తున్నారు. భారీ మనిషి ఒకామె, "మొగుడితో గట్టిగా మాట్లాడి, ఆ తర్వాత క్షమించాలి" అంది. నటి ఎన్నిసార్లు ఆడినా ఆమెకు నచ్చలేదు. చివరికి బోల్, "నువ్వే వచ్చి చూపించమ్మా" అన్నాడు. ఆమె వేదిక ఎక్కి, మొగుడి వేషగాణ్ణి పట్టుకుని చీపురుకట్టతో నాలుగు తగిలించి, ఆ తర్వాత కూర్చుని, అన్నం పెట్టుకు రమ్మని అతనికే పురమాయించింది! గట్టిగా మాట్లాడటమంటే ఆమె దృష్టిలో అదీ.

నవ్వుకుంటున్నారు, బాగుంది. కానీ ఇందులోని సంగతి గమనించండి. ఆమె మాట నటి నోటికి వెళ్లేసరికి మారిపోయింది. మన తరఫున మాట్లాడే మంచివాళ్ల దగ్గర కూడా ఇదే జరుగుతుంది. ఆ అనుభవం నుంచే ఫోరం నాటకం అనే పద్ధతి పుట్టింది.

పద్ధతి ఇలా ఉంటుంది. పది పదిహేను నిమిషాల నాటిక కడతారు. చివరికి ఆడమనిషి ఓడిపోతుంది. అక్కడ ఆపేసి, మళ్లీ మొదటి నుంచి ఆడతారు. ఈసారి చూసేవాళ్లలో ఎవరైనా "ఆపండి" అని లేచి, ఆమె స్థానంలోకి వచ్చి తమకు తోచినట్టు నడిపించవచ్చు. మొగుణ్ణి, వడ్డీవ్యాపారిని ఉన్నట్టుండి మంచివాడిగా మార్చకూడదు. వాళ్ల వేషం వేసినవాళ్లు మామూలుగానే ఎదురు తిరగాలి. మధ్యలో జోకర్ అనే నిర్వాహకురాలు ఉంటుంది. ఆమె అడుగుతుంది, తీర్పు చెప్పదు. పశ్చిమ బెంగాల్‌లో 1985లో మొదలైన జన సంస్కృతి ఈ పద్ధతిని పల్లెల్లోకి తీసుకుపోయింది. వాళ్ల 'సోనార్ మేయే' ఆడపిల్ల బతుకు మీద ఆడిన నాటకమే.

ఇది విదేశీ వ్యవహారం అనుకోవద్దు. నెల్లూరు జిల్లా అక్షరాస్యత ఉద్యమంలో కళాజాతాలు ఊరూరా తిరిగాయి, వాచకంలో సారా మీద పాఠం ఉంది. 1992లో దూబగుంట స్త్రీలు పాఠం చదివి ఊరుకోలేదు, సారా దుకాణం మీదికి నడిచారు. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతా సారా నిషేధం వచ్చింది. పాఠం రాసినవాళ్లు ఊహించని ముగింపును ఆ స్త్రీలు రాశారు. 1995లో వచ్చిన సంపూర్ణ మద్య నిషేధాన్ని 1997లో ఎత్తేశారు. ఆ ముగింపు రాసింది వాళ్లు కాదు.

ఇక జాగ్రత్తలు. ఈ పుస్తకాలు రాసినవారు ఎక్కువమంది మగవారే. వాళ్లు తక్కువగా రాసిన విషయాలు మనం చేర్చుకోవాలి. ఒక ఊళ్లో సాధన చేస్తుండగా ఒకామె నాతో, "ఈడ అంటాను గానీ అక్కా, ఇంట్లో ఆ మాటంటే పళ్లు రాలతాయి" అంది. లేచి మాట్లాడిన మనిషి ఆ రాత్రి ఆ ఇంటికే పోవాలి. కాబట్టి ఎవరి సొంత కథనూ ఉన్నదున్నట్టు వాళ్ల ఊళ్లో ఆడకండి. నాలుగు కథలు కలిపి ఒకటి కట్టండి. మరుసటి రోజు సంఘం సభ్యులు ఇద్దరు ఆ ఇంటివైపు వెళ్లి పలకరించండి. 2005 గృహహింస చట్టం, 2006 బాల్యవివాహాల నిషేధ చట్టం గురించి చెప్పగలవాళ్లు అక్కడ ఉండాలి. 181, 1098 నంబర్లు అందరికీ తెలియాలి. నాటకం ధైర్యం ఇచ్చి, ఆ తర్వాత తోడు లేకపోతే ఆ ధైర్యమే ఆమెకు ముప్పు.

ఇంకొకటి, ఎక్కడ ఆడతామన్నది. గుడి ముందు ఆడితే దళిత స్త్రీలు ఎక్కడ నిలబడతారు? "ఆపండి" అని లేచే చొరవ వాళ్లకు ఉంటుందా? ముందు వాళ్ల వాడలోనే ఆడి చూడండి. బెంగళూరుకు వలస పోయిన ఇళ్లలో ముసలమ్మలు, పిల్లలు మిగులుతారు. వాళ్లకు వీలైన వేళ చూసుకోండి.

నా ప్రతిపాదన చిన్నది. నెలకొకసారి సంఘం సమావేశంలో వీటిలో ఏదో ఒక పుస్తకం నుంచి కొన్ని పేజీలు తెలుగులో చెప్పుకుందాం. చదువొచ్చినవాళ్లు చెప్పండి, రానివాళ్లు ప్రశ్నించండి. వచ్చే శిబిరానికి ప్రతి సంఘం ఒక నాటిక కట్టుకుని రావాలి. మొదలు, నడక మీరు రాయండి. ముగింపు మాత్రం రాయకండి. దాన్ని చూడటానికి వచ్చినవాళ్లకు వదిలిపెట్టండి.